స్వాధీనపు వాక్యం ఖరీదు: ఒక అగ్రిమెంటు దావాలో పత్రాలు పడ్డ పాట్లు

ఈ దావాలో వాది స్టాంపు డ్యూటీ, పెనాల్టీ కింద కోర్టులో కట్టింది 9,88,900 రూపాయలు. చివరికి డిక్రీలో వచ్చింది 8,00,000, దానిపై వడ్డీ. అడిగిన రిజిస్ట్రేషన్ రాలేదు. పత్రం రికార్డులోకి వచ్చింది, రుజువైంది కూడా. అయినా దావా ఎందుకు పోయిందో తెలియాలంటే పత్రాలను ఒక్కొక్కటిగా చూడాలి. (ఇది నమూనా రికార్డు. ఆంధ్రప్రదేశ్‌లో ఈ తరహా దావాల్లో పదే పదే ఎదురయ్యే పత్రాలను ఒకే ఫైలుగా పేర్చి రాశాం. చట్టం, తీర్పులు మాత్రం ఉన్నవే.)

దావా సంగతి

వ్యవసాయ భూమి. ధర 18 లక్షలు. 2019 మార్చి 12న వంద రూపాయల స్టాంపు పేపరు మీద రిజిస్టరు కాని క్రయ ఒప్పందం. బయానా 8 లక్షలు: 5 లక్షలు ఆర్టీజీఎస్, 3 లక్షలు నగదు. మిగతా 10 లక్షలు ఆరు నెలల్లో ఇచ్చి రిజిస్ట్రేషన్ చేయించుకోవాలి. అగ్రిమెంటు వెనక 2019 సెప్టెంబరు 5 తేదీతో ఒక చెల్లు: మరో 3 లక్షలు నగదుగా ముట్టాయని, గడువు ఏడాది పెంచామని. 2022లో లాయరు నోటీసు, అదే ఏడాది నవంబరులో నిర్దిష్ట అమలు దావా, అంటే ఒప్పందం ప్రకారం రిజిస్ట్రేషన్ చేయించమని.

ప్రతివాది జవాబుదావాలో రెండు మాటలు. ఒకటి, తాను తీసుకున్నది అప్పు, దానికి హామీగా ఖాళీ స్టాంపు పేపర్ల మీద సంతకాలు పెట్టించుకున్నారు. రెండు, వెనక ఉన్న చెల్లు మీద సంతకం తనది కాదు.

దావా 2022 నాటిది కాబట్టి భారతీయ సాక్ష్య అధినియమం దీనికి వర్తించదు. కొత్త చట్టం 2024 జులై 1న అమల్లోకి వచ్చింది. ఆనాటికి పెండింగులో ఉన్న వాటిని 1872 నాటి చట్టం కిందే నడపాలని దాని 170వ సెక్షన్ చెబుతోంది. పాత దావాలో కొత్త సెక్షన్ వేసి ఐ.ఏ. (మధ్యంతర దరఖాస్తు) దాఖలు చేయడం, ఆఫీసు దాన్ని రిటర్న్ చేయడం ఇప్పటికీ జరుగుతూనే ఉంది. కొత్త దావాలు నడిపేవారి కోసం కొత్త నంబర్లను పక్కనే ఇస్తున్నాం.

మొదటి గండం స్టాంపు

అగ్రిమెంటు రెండో పేజీలో చివరి నుంచి మూడో వాక్యం ఇది: “ఈ దినమున సదరు భూమిని మీకు స్వాధీనపరచినాను గనుక ఇక మీదట మీరే సాగు చేసుకొనగలరు.”

లేఖరులు అలవాటు కొద్దీ రాసేసే వాక్యం. రాష్ట్రంలో అమలయ్యే స్టాంపు చట్టం 1-ఏ షెడ్యూలు 47-ఏ ఆర్టికల్ వివరణ ప్రకారం, స్వాధీనం ఇచ్చినట్టు చూపే అగ్రిమెంటుకు క్రయదస్తావేజుకు పడేంత డ్యూటీ పడుతుంది. వంద రూపాయల పేపరు చాలదు. 18 లక్షల మీద 5 శాతం 90,000. ప్రభుత్వ విలువ ధర కంటే తక్కువే కాబట్టి ధరనే లెక్కకు తీసుకున్నారు. పేపరు విలువ 100 పోను లోటు 89,900. దానికి పది రెట్లు పెనాల్టీ 8,99,000. రెండూ కలిపితే 9,88,900.

పి.డబ్ల్యూ.1 (వాది తరఫు మొదటి సాక్షి) చీఫ్ అఫిడవిట్‌తో, అంటే ప్రమాణపత్రంగా ఇచ్చిన ప్రధాన సాక్ష్యంతో పాటు పత్రాలు వచ్చిన రోజే ప్రతివాది లాయరు అభ్యంతరం చెప్పారు. ఆ రోజు చెప్పడమే ముఖ్యం. స్టాంపు చట్టం 36వ సెక్షన్ ప్రకారం పత్రాన్ని ఒకసారి సాక్ష్యంలోకి తీసుకున్నాక, స్టాంపు చాలలేదన్న కారణంతో అదే దావాలో మళ్లీ ప్రశ్నించడానికి లేదు. 1961లో జవేర్‌చంద్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. చీఫ్ రోజు వాయిదా అడిగి, క్రాస్ ఎగ్జామినేషన్‌లో చూసుకుందాంలే అనుకున్న లాయర్లకు ఈ సెక్షన్ దగ్గరే దెబ్బ పడుతుంది.

ఇక్కడ ఇంకో పొరపాటు జరగబోయి ఆగింది. “అభ్యంతరానికి లోబడి” మార్కు చేసి (ఎగ్జిబిట్ నంబరు వేసి) తీర్పులో తేలుద్దామన్న ఆలోచన వచ్చింది. బిపిన్ శాంతిలాల్ పంచల్ కేసులో (2001) సుప్రీంకోర్టు ఆ వెసులుబాటు ఇచ్చిన మాట నిజమే. కానీ స్టాంపు లోటు అభ్యంతరాన్ని అందులోంచి ప్రత్యేకంగా మినహాయించింది. దాన్ని అక్కడికక్కడే తేల్చాలి.

పత్రం ఇంపౌండ్ అయింది, అంటే కోర్టు దాన్ని తన అధీనంలో ఉంచుకుంది. అప్పుడు వాది ముందు రెండు దారులున్నాయి. చిలకూరి గంగులప్ప కేసులో (2001, మదనపల్లె ఆర్డీవో ప్రతివాది) సుప్రీంకోర్టు వాటిని విడమరిచి చెప్పింది. డ్యూటీ, పెనాల్టీ కోర్టులోనే కడతానంటే కోర్టు వసూలు చేసుకుని పత్రాన్ని స్వీకరిస్తుంది, ధ్రువీకరించిన నకలును, డబ్బును కలెక్టరుకు పంపుతుంది. కట్టకపోతే అసలు పత్రమే 38(2) కింద కలెక్టరుకు వెళ్తుంది. తేడా ఎక్కడంటే, కోర్టుకు పెనాల్టీ తగ్గించే అధికారం లేదు, 35వ సెక్షన్ కింద పది రెట్లంటే పది రెట్లే. 40వ సెక్షన్ కింద కలెక్టరుకు మాత్రం పది రెట్లు గరిష్ఠ పరిమితి, అంతకంటే తక్కువ వేసే వీలుంది. వాది తొందరపడి కోర్టులోనే కట్టాడు. రెండో దారిలో నెలలు పడతాయి, ఆలోగా సాక్ష్యం ఆగుతుంది. అయినా దాదాపు తొమ్మిది లక్షల తేడా పడే అవకాశం ఉన్నప్పుడు ఆగడమే లాభమని మా అభిప్రాయం.

కనీసం స్వాధీనం రుజువుకైనా, అంటే అనుషంగిక ప్రయోజనానికైనా చూడండని అడగడం మరో అలవాటు. రిజిస్ట్రేషన్ లోటుకు ఆ మాట చెల్లుతుంది, స్టాంపు లోటుకు చెల్లదు. 35వ సెక్షన్ ఏ ప్రయోజనానికీ ఒప్పుకోదు. 2009 నాటి అవినాష్ కుమార్ చౌహాన్ కేసు దీనికి ఆధారం. జిరాక్సు పెట్టి తప్పించుకోవడమూ కుదరదు. నకలు మీద డ్యూటీ కట్టించుకునే దారే చట్టంలో లేదని 1971లోనే జూపూడి కేశవరావు కేసులో తేలిపోయింది.

రిజిస్ట్రేషన్ లోటు

ఇది త్వరగా తేలింది. 1999 నాటి రాష్ట్ర సవరణతో అమ్మకపు అగ్రిమెంటును రిజిస్టరు చేయించాల్సిందే. అయినా రిజిస్ట్రేషన్ చట్టం 49వ సెక్షన్ మినహాయింపు ప్రకారం నిర్దిష్ట అమలు దావాలో ఒప్పందానికి సాక్ష్యంగా రిజిస్టరు కాని పత్రాన్నీ చూడొచ్చు. కళాదేవి కేసు (2010) ఇదే చెప్పింది. వాది ఇదే పత్రంతో ఆస్తి బదిలీ చట్టం 53-ఏ కింద స్వాధీనాన్ని కాపాడమని అడిగి ఉంటే జవాబు వేరుగా ఉండేది. 2001 సెప్టెంబరు 24 తర్వాతి అగ్రిమెంటు రిజిస్టరు కాకుంటే 53-ఏ రక్షణ ఉండదు. అంటే లక్షలు కట్టించిన ఆ స్వాధీనపు వాక్యం వల్ల వాదికి ఒరిగింది కూడా ఏమీ లేదు.

మార్కు వేరు, రుజువు వేరు

అగ్రిమెంటు వాది ఎగ్జిబిట్ ఏ-1 అయింది. వెనక ఉన్న చెల్లుకు వేరే నంబరు, ఏ-2. ఇలా విడగొట్టడం సరైన పద్ధతి. ఒకే కాగితం మీద ఉన్నా అవి వేర్వేరు రోజుల లావాదేవీలు, వేర్వేరు సంతకాలు, వేర్వేరు సాక్షులు. విడగొట్టకుండా ఏ-1గానే వదిలేస్తే, ఏ-1 రుజువైందన్న ఒక్క వాక్యంతో వెనక రాత కూడా రుజువైపోయినట్టు తీర్పులో జారిపోతుంది. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 13 రూల్ 4 ప్రకారం పత్రం మీద దావా నంబరు, శీర్షిక, దాఖలు చేసినవారి పేరు, దాఖలు తేదీ, స్వీకరించినట్టు రాత, జడ్జి సంతకం ఉండాలి. రబ్బరు స్టాంపు వేసి ఖాళీలు నింపకుండా వదిలిన ఎగ్జిబిట్లు అప్పీలులో తలనొప్పి తెస్తాయి.

నంబరు పడగానే పని అయిపోయినట్టు కాదు. సేట్ తరాజీ ఖిమ్‌చంద్ కేసులో (1971, ఎలమర్తి సత్యం ప్రతివాది) సుప్రీంకోర్టు మాట ఇదే. సాక్ష్య చట్టం 67వ సెక్షన్ (కొత్త చట్టంలో 65) కింద ఆ సంతకం ఎవరిదో రుజువు చేయాలి. ఏ-1కు సాక్షి సంతకం చేసిన పి.డబ్ల్యూ.2, రాసిన లేఖరి పి.డబ్ల్యూ.3 వచ్చారు. అగ్రిమెంటుకు సాక్షులుండాలని చట్టం అడగదు కాబట్టి 68వ సెక్షన్ (ఇప్పుడు 67) పట్టింపు లేదు. అదే వీలునామా అయితే ఇంకో లెక్క: సంతకం చేసిన సాక్షుల్లో బతికి ఉండి రాగలిగినవారు ఒక్కరైనా రావాల్సిందే, ముప్పై ఏళ్ల పాతది అన్నా వదలరు.

ప్రతివాది చెప్పిన ఖాళీ పేపర్ల కథను పడగొట్టింది స్టాంపు పేపరు వెనక ఉన్న చిన్న రాత. వెండరు వేసిన వరుస నంబరు, 2019 మార్చి 8 తేదీ, కొన్నవారి పేరు. ఆ పేరు ప్రతివాదిదే. వెండరును రిజిస్టరుతో పిలిపిస్తే అందులోనూ అదే పేరు, అదే నంబరు, ఎదురుగా కొన్నవారి సంతకం. ఆ రిజిస్టరు పేజీ సాక్షి తెచ్చిన పత్రంగా ఎక్స్-1 అయింది. వాది తెచ్చిన ఖాళీ పేపర్లన్న మాట అక్కడితో ఆగిపోయింది. స్టాంపు పేపరు వెనక్కి తిప్పి చూడడం అర నిమిషం పని. సగం ఫైళ్లలో ఆ పని జరగదు, జిరాక్సు సెట్టులో వెనక వైపు తీయనే తీయరు.

అప్పుకు హామీ అన్న వాదన వినడానికే వీల్లేదని వాది 92వ సెక్షన్ (ఇప్పుడు 95) చూపించాడు. అది నిలబడలేదు. పత్రంలోని షరతులను మార్చడానికి నోటిమాట పనికిరాదు గానీ, అసలు ఆ లావాదేవీయే జరగలేదు, పేరుకు రాసుకున్నది అని చెప్పడానికి పనికొస్తుంది. గంగాబాయి కేసు (1982) చెప్పేది అదే. కాబట్టి సాక్ష్యం విన్నారు. రుజువు భారం మాత్రం ప్రతివాది మీదే.

దానికి అతను తెచ్చింది ఒక ప్రామిసరీ నోటు జిరాక్సు. అసలు వాది దగ్గరే ఉందన్నాడు. సెకండరీ సాక్ష్యం (అసలుకు బదులు నకలు) కోసం పిటిషన్ వేశాడు. అది పోయింది, కారణాలు మూడు. 66వ సెక్షన్ (ఇప్పుడు 64) కింద అసలు తెమ్మని వాదికి నోటీసే ఇవ్వలేదు. ఆ జిరాక్సు ఎవరు, ఎప్పుడు, దేన్నుంచి తీశారో అఫిడవిట్‌లో ఒక్క ముక్క లేదు. ఇలాంటి పునాది లేని ఫొటో నకళ్లను తీసుకోకూడదని జె.యశోద కేసు (2007) చెబుతోంది. మూడోది, నకలులో రెవెన్యూ స్టాంపు కనబడలేదు. ప్రామిసరీ నోటుకు డ్యూటీ లేకుంటే పెనాల్టీ కట్టినా సాక్ష్యంలోకి రాదు, 35వ సెక్షన్ మినహాయింపు దానికి లేదు.

చెల్లు మీద చూపు

ఏ-1 మీద ఇంత గట్టిగా నిలబడిన దావా ఏ-2 దగ్గర కూలింది.

ఏ-2ను కళ్లతో చూస్తేనే సందేహం వస్తుంది. మొదటి నాలుగు వరుసల మధ్య ఎడం అరంగుళం దాకా ఉంది. ఆరో వరుస నుంచి దగ్గరపడుతూ వచ్చింది. చివరి వరుసలోని “గడువు పెంచడమైనది” అన్న మాటలు సంతకం పై గీతను తాకకుండా ఉండేందుకు పైకి వంగాయి. సంతకం ముందు, రాత తర్వాత అయితేనే ఇలా ఉంటుంది. ఏ-1లో ఇలాంటిది లేదు. రాత ముగిశాక అర వరుస వదిలి సంతకం ఉంది. జడ్జి తీర్పులో ఈ పోలికను వరుసల లెక్కతో సహా రాశారు.

చేతిరాత నిపుణుడికి పంపే పిటిషన్‌లో పోలిక సంతకాల ఎంపిక ముఖ్యం. వకాల్తా, జవాబుదావా మీద సంతకాలు పంపాలని మొదట అడిగారు. తగాదా పుట్టాక చేసిన సంతకాలు అవి, కావాలంటే మార్చి చేయొచ్చు. బదులుగా ప్రతివాది తన పేరు మీద 2012లో చేసిన రిజిస్టర్డ్ దస్తావేజును, అప్పటి సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు రికార్డును తెప్పించారు. నిపుణుడు ఏ-1 సంతకం సరిపోయిందన్నాడు, ఏ-2 విషయంలో ఏదీ నిశ్చయంగా చెప్పలేనన్నాడు. నిపుణుడి మాట అభిప్రాయమే గానీ తీర్పు కాదు. అయినా ఏ-2ను రుజువు చేయాల్సింది వాది కాబట్టి ఎటూ తేల్చని నివేదిక అతనికే నష్టం.

ఏ-2కు సాక్షి వాది బావమరిది ఒక్కడే. అంతకన్నా ఇబ్బంది, 2022 నాటి లాయరు నోటీసులో (ఏ-3) ఏ-2 ప్రస్తావనే లేదు. మూడు లక్షలు అదనంగా ఇచ్చి, గడువు పెంచుకున్న మనిషి నోటీసులో ఆ మాట మరిచిపోతాడా అన్న ప్రశ్నకు క్రాస్‌లో జవాబు రాలేదు.

తన పత్రమే తనకు ఎదురు

అప్పు కథను కొట్టడానికి వాది వాట్సాప్ సంభాషణ పెట్టాడు. ప్రింట్లు ఏ-6, ఎలక్ట్రానిక్ రికార్డుకు సాక్ష్య చట్టం అడిగే 65బి సర్టిఫికెట్ ఏ-7. మొదట సర్టిఫికెట్ లేదు. అర్జున్ పండిత్‌రావు కేసు (2020) ప్రకారం ప్రింట్లకు సర్టిఫికెట్ తప్పనిసరి. ఫోను యజమానే బోనెక్కి ఆ ఫోనునే చూపిస్తే అక్కర్లేదు. విచారణ ముగియకముందే కాబట్టి తర్వాత పెట్టనిచ్చారు. సర్టిఫికెట్ ఎవరిస్తారన్నదే ఎక్కువగా తప్పుతుంది. ప్రింట్ తీసిన జిరాక్సు సెంటరు వ్యక్తిదో, లాయరు గుమాస్తాదో చెల్లదు, ఫోను ఎవరి చేతిలో ఉందో వారిది కావాలి. 2024 జులై తర్వాతి దావాలకు 63(4) కింద ఏ భాగం, బి భాగం అని రెండుంటాయి. హాష్ విలువ (ఫైలు మారలేదని చూపే సంకేత సంఖ్య) రాయాలి, బి భాగం నిపుణుడు ఇవ్వాలి.

ఏ-6లో 2020 జనవరి నాటి ప్రతివాది సందేశం ఇలా ఉంది: “మిగతా పది రెడీ అయితే చెప్పు తమ్ముడూ, పండగ తర్వాత రిజిస్ట్రేషన్ పెట్టుకుందాం.” వాది జవాబు: “అలాగే అన్నా.”

రిజిస్ట్రేషన్ మాట ఉంది కాబట్టి అప్పు కథ పూర్తిగా పోయింది. వాది లాయరు ఆ ముక్క కోసమే పెట్టారు. కానీ ఏ-2 ప్రకారం నాలుగు నెలల ముందే 3 లక్షలు ముట్టి ఉంటే మిగిలేది ఏడు. అవతలి మనిషి పది అంటుంటే వాది “అలాగే అన్నా” అన్నాడు. ఎగ్జిబిట్ రికార్డులోకి వచ్చాక అందులో ప్రతి అక్షరం ఇద్దరిదీ. ప్రింట్లు పెట్టేముందు మొత్తం సంభాషణను ఇతర ఎగ్జిబిట్ల తేదీలు, అంకెలతో పక్కపక్కన పెట్టి చదివి ఉంటే ఇది ముందే కనబడేది.

ఏ-2ను కోర్టు నమ్మలేదు. దానివల్ల కాలపరిమితి పోలేదు. గడువు 2019 సెప్టెంబరులోనే ముగిసిందనుకున్నా, కోవిడ్ కోసం సుప్రీంకోర్టు మినహాయించిన 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 వరకు తీసేస్తే నవంబరు 2022 దావా మూడేళ్లలోపే ఉంది. పోయింది 16(సి). నిర్దిష్ట ఉపశమన చట్టంలోని ఈ క్లాజు ప్రకారం వాది తన వంతు నెరవేర్చడానికి సిద్ధంగా ఉన్నట్టు రుజువు చేయాలి. అతను సిద్ధమన్నది ఏడు లక్షలకు. దానికి పెట్టిన బ్యాంకు స్టేట్‌మెంటు ఏ-9, బ్యాంకర్ల పుస్తకాల చట్టం కింద సర్టిఫికెట్‌తో నిక్కచ్చిగా రుజువైంది. అందులో ఎప్పుడూ లేనంత గరిష్ఠ నిల్వ 7,40,000. ఇవ్వాల్సింది పది. పత్రం ఎంత బాగా రుజువైతే వాది అంత గట్టిగా ఓడాడు.

భూమి రెవెన్యూ రికార్డులైన 1-బి, అడంగల్ కాపీలు ఏ-8గా వచ్చాయి, ఎవరికీ ఉపయోగపడలేదు. రెవెన్యూ నమోదు హక్కు ఇవ్వదు, ఇక్కడ హక్కు తగాదానే లేదు. ఈసీ (ఆస్తిపై రిజిస్టరైన లావాదేవీల ధ్రువపత్రం) కూడా అంతే.

నగదు సంగతి ఒకటి మిగిలింది. 2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఇచ్చిన ఆదేశం ప్రకారం, ఏ లావాదేవీకైనా రెండు లక్షలు, అంతకు పైన నగదు ఇచ్చామని దావాలో చెబితే కోర్టు ఆదాయపు పన్ను శాఖకు తెలపాలి. నగదు పుచ్చుకోవడం మీద పరిమితి పెట్టిన 1961 నాటి ఆదాయపు పన్ను చట్టం 269ఎస్ఎస్ సెక్షన్ ఉల్లంఘన వల్ల లావాదేవీ రద్దవదు గానీ, పెనాల్టీ పుచ్చుకున్నవారి మీద పడుతుంది. అంటే ఈ రికార్డులో ప్రతివాదికి కొత్త తలనొప్పి.

తీర్పు, ఆ తర్వాత

నిర్దిష్ట అమలు నిరాకరించారు. నిర్దిష్ట ఉపశమన చట్టం 22వ సెక్షన్ కింద బయానా వాపసును ప్లెయింటులోనే (దావా పత్రంలోనే) ప్రత్యామ్నాయంగా అడిగి ఉన్నారు కాబట్టి 8 లక్షలు వడ్డీతో దక్కాయి. అడగకుండా ఉంటే కోర్టు తనంతట ఇవ్వలేదు. బయానాలో 5 లక్షలు ఏ-5 ఆర్టీజీఎస్‌తో, 3 లక్షలు ఏ-1లోని రశీదు వాక్యంతో తేలాయి.

అప్పీలులో ఆర్డర్ 41 రూల్ 27 కింద అదనపు సాక్ష్యంగా భార్య పేరున్న ఫిక్స్‌డ్ డిపాజిట్ రసీదు పెట్టి పది లక్షల సామర్థ్యం చూపాలని వాది చూశాడు. రసీదు దావా నాటికే ఇంట్లో ఉంది, కింది కోర్టులో ఎందుకు పెట్టలేదో కారణం లేదు. పిటిషన్ కొట్టేశారు.

స్టాంపు కింద కట్టిన దాంట్లో 89,900 డ్యూటీ తర్వాతి క్రయదస్తావేజులో సర్దుబాటయ్యేది. దస్తావేజే రానప్పుడు సర్దుబాటు ప్రశ్న లేదు. పెనాల్టీకి మాత్రం ఒక తలుపు తెరిచే ఉంది: కోర్టు 38(1) కింద కలెక్టరుకు నకలు పంపింది కాబట్టి, 39వ సెక్షన్ కింద పెనాల్టీలో ఐదు రూపాయలకు పైబడిన ఎంత భాగాన్నైనా వెనక్కిచ్చే అధికారం కలెక్టరుకు ఉంది. దరఖాస్తుకు చలానా, ఇంపౌండ్ ఆర్డరు, ఏ-1 సర్టిఫైడ్ కాపీ, తీర్పు నకలు జతచేయాలి. వాది ఇప్పుడు ఆ కాగితాలు పోగుచేసుకుంటున్నాడు.